సుగుణత్తకు నేను కట్టిన తొమ్మిది గదుల మేడ

తుఫాను రాకుండా, భూమి అదరకుండా, ఒక్క గోడ కూడా లేవకముందే ఒక ఇంటిని కూల్చిన మనిషిని మీరెప్పుడైనా చూశారా? చూడకపోతే ఇటు తిరగండి. నేనే. పేరు వసుంధర, అందరూ వసూ అంటారు. అప్పుడు నా వయసు ఇరవై రెండు. చేతిలో డిగ్రీ, తలలో మబ్బులు. పోనీ కూల్చింది పగవాళ్ళ ఇల్లా అంటే అదీ కాదు. చిన్నప్పుడు నన్ను చంకనేసుకుని ఊరంతా తిప్పిన మా మేనత్త ఇల్లు. అదెలా జరిగిందో చెబుతాను. మొహమాటపడకుండా నవ్వండి. మా వాళ్ళంతా ఎప్పుడో నవ్వేశారు, మీరే మిగిలారు.

అప్పట్లో నేను విడవలూరులో ఒక జిరాక్స్ షాపులో కూర్చునేదాన్ని. దరఖాస్తులు నింపడం, ఫొటోలు ప్రింటు తీయడం, కార్డులకు లామినేషను వేయడం నా పని. పదకొండింటి దాకా జనం తోసుకుంటూ ఉంటారు. మళ్ళీ నాలుగు దాటాక వస్తారు. మధ్యలో ఉన్న ఆ గంటలు ఎవరివీ కావు. ఎండకు రోడ్డు మీద కుక్క కూడా లేచి పక్కకు జరగదు. మా ఓనరు రమణయ్యన్న భోజనానికని ఇంటికి వెళ్ళి, రొయ్యల కూరతో తిని, మంచం మీద వాలిపోయి మళ్ళీ నాలుగింటికి కళ్ళు నలుపుకుంటూ వచ్చేవాడు. సముద్రం మా షాపుకు కనపడదు కానీ, రెండు దాటాక దాని గాలి మాత్రం తప్పకుండా వచ్చేది. సగం దించిన షట్టరు కింద నుంచి దూరి, బల్ల మీద కాగితాలను ఒక్కొక్కటిగా ఎత్తి చూసి, ఏమీ నచ్చనట్టు మళ్ళీ కింద పెట్టేది. ఆ గాలి తగిలితే నాకు కళ్ళు తెరిచి ఉండగానే కలలొచ్చేవి.

ఆ గంటల్లోనే నాకు ఆ ఆట దొరికింది. దాని పేరు చెప్పను. చెబితే రేపటి నుంచి మీ ఇంట్లోనూ అన్నం మాడిపోతుంది. డౌన్‌లోడు అక్కర్లేదు, బ్రౌజరులో తెరిస్తే చాలు. తెరవగానే గడ్డి, నాలుగు చెట్లు, దూరంగా నీళ్ళు, నెత్తిన చదరపు సూర్యుడు. మన చేతిలో ఏమీ ఉండదు. చెట్టు కొడితే చెక్క, చెక్కతో గొడ్డలి, గొడ్డలితో ఇంకో పది చెట్లు, ఆ తర్వాత రాయి, ఇసుక, ఇసుక కాలిస్తే గాజు. ఆకలేస్తే పండించుకుని తినాలి. పొద్దుగూకేలోపు కప్పు కిందికి చేరకపోతే దయ్యాలొచ్చి మీద పడతాయి. ఆ లోకంలో అంతా గడులే. మట్టి గడి, రాయి గడి, మబ్బు కూడా గడే. గడి మీద గడి పేర్చి ఏం కావాలంటే అది కట్టుకోవచ్చు.

ఇంట్లో తాగిన గ్లాసు తీసి పక్కన పెట్టని మనిషిని, అక్కడ కొండలు తవ్వాను. పంటలు వేశాను. గొర్రెలు కాశాను. సాయంత్రం ఇంటికొచ్చి 'ఒళ్ళు నొప్పులమ్మా' అంటే మా అమ్మ పాపం, కాగితాలు మోసి మోసి అలిసిపోయాననుకుని కాళ్ళు నొక్కేది. కాగితాలు కాదు, రాళ్ళు అని ఎలా చెప్పను?

ఇక సుగుణత్త సంగతి. అత్త దర్జీ. మామ పోయాక మిషను కుట్టి బతుకుతోంది. పదిహేడేళ్ళుగా అద్దె గదుల్లోనే. ఆ గదిలో మిషనుకీ మంచానికీ మధ్య మనిషి పక్కకు తిరిగి నడవాలి. బీరువా తెరవాలంటే మంచం జరపాలి, మంచం జరపాలంటే మిషను జరపాలి, మిషను జరపాలంటే మనం బయటికి వెళ్ళి నిలబడాలి. గుడ్డ కత్తిరించడానికి నేల మీద చోటు లేక మంచం మీద పరిచి కత్తిరించేది. రెండుసార్లు దుప్పటిని కూడా కలిపి కత్తిరించేసింది. ఇంత జరిగినా అత్త ఎవరినీ ఏమీ అడిగేది కాదు. ఒక్కటే కోరిక చెప్పేది.

"నాకు మేడలొద్దు మే. నాలుగు మీటర్ల గుడ్డ మడత పెట్టకుండా నేల మీద పరవాల. దాని చుట్టూ నేను తిరగాల. అంత చోటుంటే చాలు."

ఆ కోరిక కోసం అద్దెకు దిగిన మొదటి ఏడే బీరువా అడుగున ఒక గుడ్డ దాచిపెట్టింది కూడా. లేత పచ్చ రంగు కాటన్ గుడ్డ, సరిగ్గా నాలుగు మీటర్లు. సొంత ఇంట్లో మొదట అదే పరుస్తానని, అప్పటిదాకా కత్తెర తగలనివ్వనని ఒట్టు పెట్టుకుంది. ఏడాదికోసారి తీసి, ఎండలో వేసి, మళ్ళీ అవే మడతల్లో మడిచి లోపల పెట్టేది.

ఆ ఏడాది అత్తకు ఎట్టకేలకు స్థలం సమకూరింది. ఊరి చివర సముద్రానికి పోయే దారిలో ఉంది. అటు రొయ్యల గుంటలు, ఇటు వరి కయ్యలు, మధ్యలో అత్త స్థలం. ముప్పై అడుగుల వెడల్పు, నలభై అడుగుల పొడవు. కట్టడానికి మస్తాను మేస్త్రిని మాట్లాడారు. మా వైపు సగం ఇళ్ళు ఆయన చేతి మీదుగా లేచినవే. ఆయన స్థలమంతా ఒకసారి నడిచి, చెవిలో పెన్సిలు తీసి, సిమెంటు బస్తా కాగితం వెనక నాలుగు గీతలు గీశాడు. ఒక హాలు, ఒక పెద్ద గది, ఒక చిన్న గది, వంటిల్లు, వెనక బాత్రూము.

అత్త ఆ కాగితం పట్టుకుని ఒక మధ్యాహ్నం నా షాపుకు వచ్చింది, జిరాక్స్ తీయించుకుందామని. నేను అప్పుడు ఆటలో సముద్రం ఒడ్డున ఇసుక ఎత్తుతున్నాను.

"ఏందిమే ఇది, అంతా పెట్టెలు పెట్టెలుగా ఉండాది?"

"ఆట అత్తా. ఇందులో ఏదైనా కట్టొచ్చు."

"ఇల్లు గూడానా?"

చూశారా, ఇక్కడ నేను 'కాదు' అని ఉంటే ఈ కథ లేదు. మేస్త్రి కాగితానికి జిరాక్స్ తీసి ఇచ్చి పంపేసి ఉంటే నాకీ పేరు రాకపోయేది. కానీ గాలి వీస్తోంది, షాపులో ఎవరూ లేరు, తెర మీద చదరపు సూర్యుడు నీళ్ళలోకి దిగుతున్నాడు. నేను మేస్త్రి కాగితం తీసుకుని అటూ ఇటూ తిప్పి, పెదవి విరిచాను.

"ఏందత్తా ఇది, నాలుగు గదులేనా? నేను కట్టిస్తా ఉండు. స్థలమెంత?"

"ముప్పై, నలభై."

"అయితే ముప్పై గడులు, నలభై గడులు. అంతే కదా!"

అంతే కదా! ఆ మాట ఇప్పటికీ నా చెవిలో మోగుతూ ఉంటుంది. ఒక అడుగుకు ఒక గడి. నాకు అంతకంటే తేలికైన లెక్క జీవితంలో తగల్లేదు. ఆ ఆటలో మనిషి ఎత్తు రెండు గడులు. అంటే నా లెక్క ప్రకారం మా అత్త ఎత్తు రెండడుగులన్న మాట. ఈ సంగతి నా డిగ్రీకి తట్టలేదు. నా డిగ్రీలో గణితం కూడా ఒక సబ్జెక్టని ఎవరికీ చెప్పకండి.

మూడు వారాల పాటు కట్టాను. మధ్యాహ్నం ఒంటి గంటకు మొదలుపెడితే రమణయ్యన్న చెప్పుల చప్పుడు వినబడేదాకా కట్టడమే. ముందు పూలతోట. దాటగానే హాలు. నడిమధ్య ఆకాశం కనపడేలా చేపల గుంట, దాని చుట్టూ వరండా. వంటిల్లు, రెండు పడకగదులు, కుట్టు గది, సామాను గది, చుట్టాల గది, చదువుకునే గది. చదివేవాళ్ళు ఎవరని అడక్కండి. ఇక తొమ్మిదోది నాకెంతో ఇష్టమైన గది, వాన చూసే గది. మూడు వైపులా గాజు. అందులో కూర్చుంటే సముద్రం మీద నుంచి వాన నడిచొస్తూ కనపడుతుంది. వరండా పక్కన బాత్రూము, వెనక ఆవుల కొట్టం. ఇన్ని కట్టాక ఈశాన్యం మూల ఒక్క గడి ఖాళీగా మిగిలింది. దాని చుట్టూ మూడు వైపులా గోడ లేపి దాక్కునే గది చేశాను. దయ్యాలు తరిమితే మనిషి అందులో సరిగ్గా నిలబడొచ్చు.

అత్త రోజూ భోజనం క్యారియరుతో వచ్చి, నా పక్కన ప్లాస్టిక్ కుర్చీలో కూర్చుని, గడ్డం కింద చెయ్యి పెట్టుకుని చూసేది. మొదట్లో నవ్వేది. తర్వాత నవ్వడం మానేసింది. ఒకరోజు నేను బొమ్మను నడిపిస్తూ కుట్టు గదిలోకి తీసుకెళ్ళాను. ఆరు గడుల వెడల్పు, ఏడు గడుల పొడవు. తెరలో చూస్తే పెళ్ళి చేయొచ్చు అందులో. కిటికీలోంచి ఎండ నేల మీద పరుచుకుని ఉంది.

"ఒకసారి చుట్టూ తిప్పు మే," అంది అత్త మెల్లగా.

తిప్పాను. గోడ, కిటికీ, దూరంగా నీళ్ళు, మళ్ళీ గోడ.

"ఇంకోసారి."

మళ్ళీ తిప్పాను. ఇంకోసారి తిప్పాలా అని పక్కకు చూశాను. అత్త కళ్ళలో నీళ్ళు నిలిచి ఉన్నాయి. తెర వెలుగులో ఆ మొహం చిన్నపిల్ల మొహంలా ఉంది. మా అత్త అంత సంతోషంగా ఉండటం నేనెప్పుడూ చూడలేదు. అది నేనిచ్చిన సంతోషమని గర్వం కూడా పొంగింది, దాచుకోవడం ఎందుకు? ఆ గర్వమే నా కొంప ముంచింది. నాది కాదు, ఆమెది.

ఇల్లు పూర్తయిన రోజు అత్త పట్టుచీర కట్టుకుని షాపుకు వచ్చింది.

"ఎక్కడికత్తా?"

"ఎక్కడికేంది? ఇంట్లోకి. ఆవు లేకుండా ఊరికే దూరిపోతావా? ముందు ఆవును తోలు."

ఆటలో ఆవులున్నాయి కానీ అవి మన మాట వినవు. చేతిలో గోధుమ కంకి పట్టుకుంటేనే వెంట వస్తాయి. కొండ వెనక ఎక్కడో మేస్తున్న ఆవును పట్టుకుని, కంకి చూపిస్తూ, గుంటలు తప్పిస్తూ ఇంటిదాకా నడిపించేసరికి నా చెయ్యి పట్టేసింది. వాకిలి దగ్గర అది ఆగిపోయింది.

"గట్టిగా పిలవమే! అదే అలవాటవుద్ది."

"పిలిస్తే రాదత్తా, కంకి చూడాల."

"అయితే చూపించు. అదిగో, కుడికాలు పెట్టింది! చూసినావా, కుడికాలే!"

ఆవు హాలులోకి వచ్చింది, చేపల గుంట చుట్టూ తిరిగింది, వాన చూసే గదిలో నిలబడి బయటికి చూడసాగింది. మళ్ళీ కదలలేదు. పాలు పొంగించాలని అత్త పట్టు పట్టింది. ఆటలో పాలు పిండొచ్చు కానీ పొంగించే వీలు లేదు. చివరికి అత్త ఫ్లాస్కులో టీ గ్లాసులోకి అంచు దాకా పోసి, కొంచెం పొర్లనిచ్చి, "ఇదే పొంగినట్టు" అని దణ్ణం పెట్టింది. సరిగ్గా అప్పుడు రమణయ్యన్న లోపలికొచ్చాడు. పట్టుచీరలో దణ్ణం పెడుతున్న అత్తను, తెర మీద ఆవును, కీబోర్డు మీద టీని చూశాడు.

"ఏంది వసూ ఇది?"

"గృహప్రవేశం అన్నా."

ఆయన "మంచిది. కీబోర్డు తుడువు," అని వెళ్ళి తన కుర్చీలో కూర్చున్నాడు. మంచి మనిషి.

ఇక మస్తాను మేస్త్రి. ఆయనకు ఈ మేడను చూపించింది అత్తే. షాపులో నేను ప్లానును పైనుంచి చూసినట్టుగా ప్రింటు తీసి, గడులన్నీ లెక్కేసి రాసిచ్చాను. ఆయన కళ్ళద్దాలు పెట్టుకుని చాలాసేపు చూశాడు.

"సుగుణమ్మా, ఇన్ని గదులు పడతాయంటావా ఆడ?"

"పడినాయన్నా. నేను లోపలికి పోయి చూసినా."

"లోపలికి పోయినావా?"

"ఒక్కసారి కాదు, రోజూ పోతుండా. ఆవు గూడా పట్టింది."

మేస్త్రి నావైపు చూశాడు. నేను నా డిగ్రీ మొహం పెట్టాను.

"కంప్యూటర్ లెక్క మామా. తప్పు రాదు."

ఆయన కళ్ళద్దాలు తీసి జేబులో పెట్టుకున్నాడు. తన సిమెంటు బస్తా కాగితాన్ని నాలుగు మడతలు పెట్టి అదే జేబులో దాచుకున్నాడు.

"నేను నలభై ఏళ్ళ నుంచి టేపుతో కొలుస్తుండా. ఆవును తోలి కొలవొచ్చని నాకు తెలవదు. సరే పాపా, ముగ్గు పోసే రోజు నువ్వే కొలతలు చెప్పు. నువ్వు చెప్పినట్టే పోస్తా."

అందులో కోపం ఉందని నాకు తెలియలేదు. గౌరవం అనుకున్నాను.

బుధవారం పొద్దున తొమ్మిదింటికి ముహూర్తం. పదిన్నరకు వర్జ్యం వస్తుంది కాబట్టి ఆలోపు శంకుస్థాపన చేసి, గోడలు లేచే చోటల్లా ముగ్గుపిండితో గీతలు పోసేయాలన్నారు పూజ చేయించే అయ్యవారు. చుట్టాలు ఆటోల్లో దిగారు. రొయ్యల గుంటల మీద నుంచి గాలి ఉప్పగా వస్తోంది. అత్త ఆ పట్టుచీరే కట్టుకుంది. మెళ్ళో ఎప్పటిలాగే కొలత టేపు వేలాడుతోంది, తీయడం మరిచిపోయింది. చంకలో లేత పచ్చ గుడ్డ ఉంది.

అయ్యవారు నా ప్లాను చూసి ఈశాన్యం మూల ఉన్న ఒంటి గడి మీద వేలు పెట్టారు.

"ఇదేందమ్మాయ్?"

దయ్యాలొస్తే దాక్కోవడానికని అయ్యవారితో ఎలా చెప్పను?

"దేవుడి గూడు గదా?"

"ఆ... అదే స్వామీ."

"ఈశాన్యంలో దేవుడు. శాస్త్రం తెలిసిన పిల్ల," అన్నారాయన మెచ్చుకోలుగా. అక్కడే చిన్న గుంట తీయించి, నవధాన్యాలు పోయించి, రాయి పాతించి, దాని మీద అడుగు వెడల్పు ఖాళీ ఉండేలా మూడు వైపులా ఇటుకలు పేర్పించారు. పసుపు, కుంకుమ, కొబ్బరికాయ. అందరూ అక్షింతలు వేశారు. ఆ గూడు వరకు మాత్రం నేల మీద నా ప్లాను అచ్చంగా దిగింది.

ఆ తర్వాత మేస్త్రి ముగ్గుపిండి గంప తెచ్చి నా పక్కన పెట్టాడు.

"చెప్పు పాపా."

నేను కాగితం చూస్తూ గొంతు సవరించుకున్నాను. "వాకిలి, ఒకటి."

"ఒకటి ఏంది?"

"ఒక గడి. అంటే ఒక అడుగు."

మేస్త్రి ఒక అడుగు వదిలి అటూ ఇటూ గీత పోశాడు. "ఇంక?"

"వరండా వెడల్పు ఒకటి. బాత్రూము రెండుకి రెండు. పడకగది నాలుగుకి అయిదు. గోడ మందం ఒకటి."

చెబుతూ పోయాను. ఆయన పోస్తూ పోయాడు. నేను కాగితంలోనే తల దూర్చి ఉన్నాను కాబట్టి నేల చూడలేదు. మొదట చుట్టాల్లో ఎవరో కిసుక్కున నవ్వారు. తర్వాత ఇంకెవరో. నేను తలెత్తి చూసేసరికి అత్త స్థలం నిండా తెల్లటి డబ్బాలు, పిల్లలు తొక్కుడుబిళ్ళ ఆడుకోవడానికి గీసుకున్నట్టు.

మేస్త్రి వాకిలి ముందు నిలబడి చెప్పులు విడిచాడు. నిదానంగా నిటారుగా నిలబడి చూశాడు, పట్టలేదు. అడ్డంగా తిరిగాడు, పొట్ట పట్టలేదు.

"పాపా, ఈ వాకిట్లో ఆవు యాడ దూరిందో ఒకసారి చూపిస్తావా?"

ఇక ఆగలేదు జనం. కొబ్బరి చిప్పలు చేతుల్లో పట్టుకుని కూలబడి నవ్వారు. మా బాబాయి పడకగదిలో పడుకుని చూస్తే మోకాళ్ళ నుంచి కింద భాగం చేపల గుంటలో ఉంది. బాత్రూములో ఒకరు నిలబడితే, తలుపు వేయాలంటే ఇంకొకరి సాయం కావాలి. వాన చూసే గదిలో వాన పడితే మనిషికి చోటుండదు. నేనూ నవ్వబోయాను. అప్పుడు అత్త కనపడింది.

అత్త నవ్వడం లేదు. కుట్టు గది దగ్గరికి వెళ్ళింది. గీత తొక్కకుండా జాగ్రత్తగా, కుడికాలు ముందు పెట్టి లోపలికి అడుగేసింది. చంకలో గుడ్డ తీసి, ఒక అంచు గోడగీతకు ఆనించి, మోకాళ్ళ మీద వంగి పరుచుకుంటూ పోయింది. గుడ్డ సగం కూడా తెరుచుకోకముందే ఎదుటి గోడ దాటింది. వరండా దాటింది. నాలుగు మీటర్లూ పరిచేసరికి రెండో అంచు బాత్రూములో తేలింది.

అందరి నవ్వూ ఆగిపోయింది.

పదిహేడేళ్ళ మడతలు ఆ గుడ్డ మీద అడ్డంగా గీతలు గీతలుగా కనపడుతున్నాయి. గాలికి అంచు లేస్తుంటే అత్త చేత్తో అదిమి పట్టుకుని కూర్చుంది. నాకు ఏడుపొచ్చేసింది. పరుగెత్తుకుంటూ వెళ్ళి పక్కన కూలబడ్డాను.

"అత్తా, తప్పయిపోయిందత్తా. తెరలో పెద్దదిగానే ఉన్నింది. నిజంగా."

"ఊరుకో మే. నేనూ చూసినా గదా. పెద్దదిగానే ఉన్నింది." నా నెత్తిన చెయ్యి వేసింది. "నాకు జాకెట్టు గుడ్డ తెచ్చినోళ్ళు ఎంతో మంది 'ఉజ్జాయింపుగా కుట్టక్కా' అంటారు. నేను ఒప్పుకుంటానా? మనిషిని ఎదురుగా నిలబెట్టి కొలవందే కత్తెర పట్టను. నువ్వు ఇంటిని కొలిచినావు వసూ. నన్ను కొలవడం మరిచినావు."

ఆ మాట అన్నప్పుడు అత్త గొంతులో కోపం లేదు. ఉంటే బాగుండేది.

"అమ్మా, పది దాటింది," అన్నారు అయ్యవారు అవతలి నుంచి. "వర్జ్యం వచ్చేలోపు ముగ్గు కానివ్వాల."

అత్త కళ్ళు తుడుచుకుని లేచి నిలబడింది. పట్టుచీర కొంగు బిగించింది. మెళ్ళో టేపు లాగి చేతిలోకి తీసుకుంది.

"మస్తానన్నా, ఇదంతా చెరిపెయ్యి."

మేస్త్రి చీపురుతో పదే పది నిమిషాల్లో నా మేడను ఊడ్చేశాడు. మూడు వారాల కష్టం. అత్త గుడ్డను గాలికి ఎగరకుండా నాలుగు మూలలా నాలుగు ఇటుకలు పెట్టి పరిచింది. దాని చుట్టూ ఒకసారి నడిచింది. మళ్ళీ ఒకసారి చేతులు చాచి నడిచింది. ఎక్కడెక్కడ కాలు పడిందో అక్కడల్లా మేస్త్రిని ముగ్గు పోయమంది.

"ఇంకొంచెం వదులు అన్నా. కుట్టులో వదలమా, అట్టా. రేపు నేను లావైతే?"

తర్వాత నన్ను నేల మీద పడుకోబెట్టి నా చుట్టూ చిన్న గది గీయించింది. పొయ్యి ముందు కూర్చున్నట్టు కూర్చుని, చేతులు ఎంత దూరం అందుతాయో చూసుకుని వంటిల్లు గీయించింది. నవ్విన చుట్టాలందరినీ పిలిచి వరసగా నిలబెట్టి, వాళ్ళు ఊపిరాడేంత చోటును హాలు అంది. పదీ ఇరవై అయిదుకల్లా పనంతా అయిపోయింది.

మస్తాను మేస్త్రి నడుం మీద చేతులు పెట్టుకుని ముగ్గంతా చూశాడు. జేబులోంచి సిమెంటు బస్తా కాగితం తీసి, మడతలు విప్పి, అత్త చేతిలో పెట్టాడు. ఒక హాలు, ఒక పెద్ద గది, ఒక చిన్న గది, వంటిల్లు, వెనక బాత్రూము. గీత కూడా తేడా లేదు.

"మరి ముందే చెప్పొచ్చు గదన్నా?" అంది అత్త.

"నా దగ్గిర ఆవు లేదు గదమ్మా," అన్నాడాయన.

అత్త అప్పుడు నవ్వింది. కడుపు పట్టుకుని, ముగ్గులోనే కూర్చుని, కళ్ళలో నీళ్ళొచ్చేదాకా నవ్వింది. ఆ నవ్వు వినేదాకా నాకు ప్రాణం కుదుటపడలేదు.

అయితే ఒక్కటి మిగిలిపోయింది. ఈశాన్యం మూల దాక్కునే గది. చెరపబోతే అయ్యవారు చెయ్యి అడ్డం పెట్టారు. ముహూర్తానికి పూజ చేసి పెట్టిన ఇటుక కదల్చకూడదట. అంతగా కావాలంటే ఇంకో మూడు నెలల తర్వాత మళ్ళీ ముహూర్తం చూసుకోవాలట. అత్త ఒప్పుకోలేదు. దాంతో మస్తాను మేస్త్రి ఆ మూడు గోడలనూ మనిషెత్తు లేపి, సున్నం వేసి, పైన కప్పు కూడా పోశాడు. దైవభక్తో నా మీద కోపమో ఇప్పటికీ చెప్పడు. తీరా చూస్తే అందులో దేవుణ్ణి పెట్టడానికి అత్తకే మనసొప్పలేదు. "పాపం, ఆయనకు ఊపిరాడొద్దా?" అంది. దేవుణ్ణి హాలులో పెట్టి, ఆ గూటికి 'వసూ గది' అని పేరు పెట్టింది.

గృహప్రవేశం రోజు నిజమైన ఆవు వచ్చింది. కంకి చూపించకుండానే లోపలికి నడిచింది. పాలు నిజంగా పొంగాయి. పెద్ద గదిలో లేత పచ్చ గుడ్డ నేల మీద నిండుగా పరుచుకుంది, చుట్టూ ఇంకా చోటు మిగిలింది. కిటికీలోంచి ఉప్పుగాలి వచ్చి గుడ్డ అంచును కొంచెం ఎత్తి, మళ్ళీ కింద పెట్టింది. అత్త దాని చుట్టూ తిరిగి, నావైపు చూసి, "ఇంకోసారి" అని మళ్ళీ తిరిగింది. నేను గుమ్మంలో నిలబడి చూస్తూ ఉండిపోయాను. తెరలో చూసిన కలే ఇది, సైజు మాత్రం మారింది. అక్కడ, ఆ బ్రౌజరు లోకంలో, మూడు వైపులా గాజున్న గదిలో ఆ ఆవు ఇంకా నిలబడి వాన చూస్తూనే ఉంటుంది. దాన్ని తలుచుకుంటే నాకు ఇప్పటికీ హాయిగా ఉంటుంది.

"ఏందిమే దిక్కులు చూస్తుండావు? నీ గదిలోకి నువ్వు పోవా?" అంది అత్త.

"నా గదా?"

చుట్టాలంతా మూగారు. తప్పేది కాదు. ఊపిరి బిగబట్టి, పక్కకు తిరిగి, కుడికాలు ముందు పెట్టి ఆ గూట్లోకి దూరాను. అందరూ చప్పట్లు కొట్టారు. ఇంతమంది ముందు నా తప్పు ఒప్పుకోవడానికి ఇంతకంటే మంచి చోటు దొరకదనిపించింది. లోపలే బలవంతంగా జనం వైపు తిరిగి, చెయ్యి ముందుకు చాచి, గంభీరంగా మొదలుపెట్టాను.

"వసుంధర అనే నేను, సుగుణత్త ఇంటి ఈశాన్యం మూల సాక్షిగా ప్రమాణం చేస్తున్నదేమనగా, ఇకమీదట మనిషిని ఎదురుగా నిలబెట్టి కొలవందే ఏ ఇంటికీ, ఏ గదికీ, ఏ వాకిలికీ కొలత చెప్పను గాక చెప్పను. ఆటలో ఆవు దూరిన చోట మనుషులు దూరతారని ఎవరినీ నమ్మించను గాక నమ్మించను."

"బాగుండాది. ఇంక రా బయటికి, అన్నం తిందువు," అంది అత్త.

రాలేకపోయాను. దూరేటప్పుడు ఊపిరి బిగబట్టాను సరే, ప్రమాణం చేయడానికి వదిలాను కదా! ఎడమ భుజం ఒక గోడకు, కుడి భుజం ఇంకో గోడకు బిగుసుకుపోయింది. మేస్త్రి ఒక చెయ్యి, బాబాయి ఇంకో చెయ్యి పట్టుకుని లాగారు. కదల్లేదు.

అత్త అందరినీ పక్కకు తప్పుకోమంది. మెళ్ళో టేపు తీసి ముందు గూటిని కొలిచింది. తర్వాత నన్ను ఈ భుజం నుంచి ఆ భుజం దాకా కొలిచింది.

"పన్నెండు ఇంచుల గది. పద్నాలుగు ఇంచుల మనిషి," అంది టేపు చుట్టుకుంటూ. "మస్తానన్నా, సబ్బునీళ్ళు తే."